సత్యానికి సాక్షి: మర్హూం ఖ్వాజా అహ్మద్ అబ్బాస్ సాహెబ్



సినిమా అనే మాట వినగానే మన పెద్దలలో కొందరు ముఖం తిప్పుకుంటారు. వారిది పూర్తిగా తప్పని నేను అనను. డబ్బు కోసం ఏదిబడితే అది తెర మీదికి ఎక్కించే చిత్రాలు కొల్లలుగా ఉన్నవి. అయితే అదే కెమెరాను, అదే ఫిలిం రీలును చేతబట్టి, కూటికి లేనివాని పక్షాన సాక్ష్యం చెప్పడానికి తన సంపాదననంతా ఖర్చు చేసిన మనిషి ఒకాయన మన కౌములోనే పుట్టినాడు. ఆయనే జనాబ్ ఖ్వాజా అహ్మద్ అబ్బాస్ సాహెబ్. ఆవారా, బాబీ చిత్రాల కథకుడుగా ఆయన పేరు చాలామందికి తెలుసు. అమితాబ్ బచ్చన్‌కు మొదటి వేషం ఇచ్చినవాడుగా ఇంకా ఎక్కువమందికి తెలుసు. వీటికంటె గొప్ప పని ఆయన ఒకటి చేసినారు. అది పదహారు నిమిషాల చిన్న చిత్రానికి సంబంధించినది. మన ఉదయగిరి, ఆత్మకూరు పిల్లలకు తెలియవలసినది అదేనని తోచి, ఈ సంచికలో ఆయన జీవితాన్ని నాకు చేతనైనంతలో చెబుతున్నాను.

పానిపట్టు గడ్డ

అబ్బాస్ గారు 1914 జూన్ 7న పానిపట్టులో పుట్టినారు. పానిపట్టు అంటే మన పిల్లలకు చరిత్ర పాఠంలోని మూడు యుద్ధాలే గుర్తుకొస్తవి. ఉర్దూ చదివిన వారికి మాత్రం అది మౌలానా అల్తాఫ్ హుసేన్ హాలీ సాహెబ్ పుట్టిన ఊరు. 1879లో ముసద్దస్ వ్రాసి, నిద్రపోతున్న కౌమును తట్టి లేపిన ఆ మహాకవి అబ్బాస్ గారికి తల్లి వైపు ముత్తాత. హాలీ సాహెబ్ కన్నుమూసింది కూడా 1914లోనే. ఆ యేడే ఆ ఇంట ఈ పిల్లవాడు పుట్టినాడు. తండ్రి వైపు చూస్తే 1857 తిరుగుబాటులో ఇంగ్లీషువారిపై నిలబడి ప్రాణమిచ్చిన వారు ఆ వంశంలో ఉన్నారు. ఒక పక్క కలం, ఒక పక్క త్యాగం. పిల్లవానికి వారసత్వంగా దక్కిన ఆస్తి అదే అనుకోవాలి.

చదువు మొదట పానిపట్టులోని హాలీ ముస్లిం హైస్కూల్లో. పదిహేనేళ్ళకే మెట్రిక్ గట్టెక్కి అలీగఢ్ చేరినారు. అక్కడి ముస్లిం యూనివర్సిటీలో 1933లో బి.ఏ., 1935లో లా పూర్తి చేసినారు. చదువుకుంటున్న రోజుల్లోనే విద్యార్థుల కోసం పత్రిక నడిపిన మనిషి, నల్లకోటు వేసుకుంటాడా? వేసుకోలేదు. పట్టా చేతికి రాగానే బొంబాయికి పోయి బాంబే క్రానికల్ అనే జాతీయ పత్రికలో విలేఖరిగా చేరినారు. అయితే లా చదివిన చదువు వృథా పోలేదు. ముప్ఫై అయిదేళ్ళ తర్వాత అది ఎట్లా అక్కరకు వచ్చిందో ముందు చెబుతాను.

కలం పట్టిన రోజులు

ఆ పత్రికలో ఆయన సినిమాలను సమీక్షించే పని కూడా చేసినారు. చూసినది నచ్చకపోతే నచ్చలేదని మొగమాటం లేకుండా వ్రాసేవారు. బాంబే క్రానికల్‌లో మొదలై తర్వాత బ్లిట్జ్ పత్రికకు మారిన ఆయన శీర్షిక లాస్ట్ పేజ్, నాలుగు దశాబ్దాలకు పైగా వారం వారం వచ్చింది. ఉర్దూ పాఠకులకు ఆజాద్ కలం పేరిట ఆయన వ్రాతలు అందేవి. ఇంగ్లీషులో, ఉర్దూలో, హిందీలో కలిపి డెబ్బైకి మించి పుస్తకాలు వ్రాసినారు. ఒకే మనిషి, చేతితో వ్రాసే ఆ కాలంలో, ఇంత పని ఎట్లా చేసినాడో ఆలోచిస్తే మనకు ఆశ్చర్యం వేస్తుంది.

1943లో బెంగాలులో కరువు వచ్చింది. లక్షలాది జనం తిండి లేక చచ్చిపోయినారు. కలకత్తా వీధుల్లో గంజి కోసం ఏడ్చే పిల్లలను కళ్ళారా చూసిన తరం అది. అదే యేడు దేశంలోని కళాకారులు కొందరు కలిసి ఇండియన్ పీపుల్స్ థియేటర్ అసోసియేషన్ స్థాపించినారు. దానినే ఇప్టా అని, మన తెలుగువారు ప్రజానాట్యమండలి అని ఎరుగుదురు. స్థాపించిన వారిలో అబ్బాస్ గారు ఒకరు. ఆ సంస్థ తరఫున ఆయన తీసిన ధర్తీ కే లాల్ 1946లో విడుదలైంది. ఊరొదిలి పట్నం దారి పట్టిన కరువు రైతుల కథ అది. పేరున్న తారలు లేరు, తళుకు బెళుకులు లేవు. కథాచిత్రమే అయినా, చూస్తున్నవారికి జరిగినది కళ్ళముందు జరిగినట్లే ఉండేది. కల్పన కంటె ఉన్నది ఉన్నట్లు చూపడం ఎంత బలమైన పనో ఆయనకు అక్కడే తెలిసివచ్చింది.

1947లో దేశం రెండైనప్పుడు పానిపట్టులోని ఆయన బంధువర్గం చాలామంది సరిహద్దు దాటి వెళ్ళిపోయినారు. తరతరాల ఊరు ఖాళీ అయింది. ఆయన మాత్రం పోలేదు. ఈ దేశం నాది, ఈ దేశపు మంచిచెడ్డలు చెప్పే హక్కు నాకున్నది అనే నమ్మకంతో బొంబాయిలోనే నిలబడినారు. ఈ నమ్మకమే ఆయన తర్వాతి పనులన్నిటికీ వేరు.

సొంత డబ్బు, సొంత చిత్రం

1951లో ఆయన నయా సంసార్ పేరుతో సొంత సంస్థ పెట్టుకున్నారు. ఆ యేడే ఆయన కథ వ్రాసిన ఆవారా వచ్చి దేశాలు దాటి పేరు తెచ్చింది. తర్వాత శ్రీ 420, మేరా నామ్ జోకర్, బాబీ. పెద్ద నిర్మాతల కోసం వ్రాసిన ఈ కథలకు వచ్చిన డబ్బుతో మరొకరైతే మేడలు కట్టేవారు. అబ్బాస్ గారు దానిని తీసుకుపోయి తన చిత్రాల్లో పోసేవారు. ఆ చిత్రాలు డబ్బు తెచ్చేవి కావు. ఒకటి ఆడితే నాలుగు ఆడకపోయేవి. మళ్ళీ ఇంకొకరికి కథ వ్రాసేవారు, మళ్ళీ ఆ డబ్బు తన చిత్రానికి పెట్టేవారు. చెయ్యి కాలినా పొయ్యి వదలని వంటవాని వలె ముప్ఫై అయిదేళ్ళు ఆయన పద్ధతి అదే.

ఆయన తీసిన షెహర్ ఔర్ సప్నా 1963వ సంవత్సరపు ఉత్తమ చిత్రంగా రాష్ట్రపతి బంగారు పతకం పొందింది. బొంబాయిలో ఉండడానికి ఇల్లు దొరకక, రోడ్డు పక్కన వేసిన పెద్ద తూములో కాపురం పెట్టిన ఆలుమగల కథ అది. 1969లో వచ్చిన సాత్ హిందుస్తానీ గోవా విముక్తి కోసం పోయిన ఏడుగురి కథ. వేరువేరు ప్రాంతాలవారు, వేరువేరు మతాలవారు ఒక్క పనికై ఎట్లా కలిసినారో అందులో చూపినారు. ఆ యేడే ప్రభుత్వం ఆయనను పద్మశ్రీతో సత్కరించింది. 1971లో దో బూంద్ పానీ తీసినారు. రాజస్థాన్ ఎడారిలో నీళ్ళ కోసం అల్లాడే పల్లె, కాలువ తవ్వడానికి పోయిన మొగవాడు, ఊళ్ళో మిగిలిన ఆడది. ఆ పేరుకు అర్థం రెండు చుక్కల నీళ్ళు. మెట్ట ప్రాంతంలో పుట్టి బిందె నీళ్ళ కోసం నడిచినవారికి ఈ కథ వేరే వివరించి చెప్పే పని లేదు.

ఇవన్నీ కథాచిత్రాలు. వీటితో పాటు ఆయన డాక్యుమెంటరీలు, చిన్న చిత్రాలు కూడా తీసినారు. డాక్యుమెంటరీ అంటే వేషగాళ్ళు లేకుండా, నిజమైన మనుషులను, నిజమైన తావులను చూపించే చిత్రం. ఆ రోజుల్లో ఇట్లాంటి చిత్రాలు తీయడం ప్రభుత్వ పని అన్నట్లే ఉండేది. 1948లో ఏర్పడిన ఫిలిమ్స్ డివిజన్ అనే శాఖ వాటిని తీసేది. సినిమా హాలువారు అసలు బొమ్మకు ముందు ఆమోదం పొందిన చిన్న చిత్రం ఒకటి తప్పనిసరిగా వేయాలని నిబంధన. ఆనకట్టలు, కర్మాగారాలు, కొత్త రకం వరి వంగడాలు వాటిలో కనిపించేవి. అవి అవసరమైనవే. కాని ప్రభుత్వం తీసిన చిత్రం ప్రభుత్వం చూపదలచుకున్నదే చూపుతుంది గదా! దాని బయట నిలబడి, సొంత డబ్బు పెట్టి, తనకు కనిపించినది తీసేవానికి హాలు దొరికేది కాదు, కొనేవాడు దొరికేవాడు కాదు. పెట్టిన పైకం తిరిగివచ్చే దారి లేదు. ఆ సంగతి తెలిసే అబ్బాస్ గారు ఆ పనికి దిగినారు.

నాలుగు నగరాలు, ఒక కథ

1960ల చివర ఆయన తీసిన ఆ చిత్రం పేరు చార్ షహర్ ఏక్ కహానీ. నలుపు తెలుపుల్లో పదహారు నిమిషాల చిత్రం. బొంబాయి, కలకత్తా, ఢిల్లీ, మద్రాసు, ఈ నాలుగు పట్టణాలే అందులోని నాలుగు షహర్లు. ఒక పక్క ఆకాశమంటే మేడలు, పెద్ద హోటళ్ళు, కర్మాగారాలు. మరో పక్క గుడిసెలు, మురికివాడలు. ఈ రెంటి నడుమ చెమటోడ్చి ఆ మేడలను కడుతున్న కూలీలు, సాయంత్రం వారు పోయి తలదాచుకునే చోట్లు. నున్నని కార్లలో పోయేవారు, వారి పక్కనే కలకత్తా, మద్రాసు వీధుల్లో రిక్షా లాగేవారు, తోపుడు బండి తోసేవారు.

అందులో ఒక దృశ్యం చిత్రమంతటికీ ప్రాణం. బాగా బలిసిన ఆసామి ఒకడు రిక్షాలో కూర్చొని ఉంటాడు. ఎముకలు తేలిన మనిషి రొప్పుతూ దాన్ని లాగుతుంటాడు. మరుక్షణం తెర మీద అంతా తారుమారు. లాగినవాడు పైన కూర్చుంటాడు, కూర్చున్నవాడు లాగుతుంటాడు. ఈ మార్పు నిజజీవితంలో జరగదు. కాని ఒక్కసారి చూసినవానికి, రిక్షా ఎక్కేటప్పుడల్లా అది గుర్తుకు రాక మానదు. స్వాతంత్ర్యం తెచ్చిన నాయకుల విగ్రహాలను కూడా చూపినారు. ఎత్తయిన దిమ్మెల మీద నిలబడి, కింద నడిచే బీదజనాన్ని ఏమీ చేయలేక చూస్తున్నట్లు ఉంటవి ఆ విగ్రహాలు.

బొంబాయిలో పొట్టకూటికి మానం అమ్ముకునే ఆడవాళ్ళ వీధి కూడా కొంచెంసేపు వస్తుంది. అసహ్యంగా చూపించలేదు. మేడల పట్టణంలో ఆకలి ఎక్కడిదాకా తీసుకుపోతుందో చూపించడానికి దాన్ని చేర్చినారు. గొడవంతా అక్కడ మొదలైంది.

బోర్డు దగ్గర

సినిమా ఏదైనా జనానికి చూపాలంటే 1952 నాటి సినిమాటోగ్రాఫ్ చట్టం ప్రకారం సెన్సారు బోర్డు సర్టిఫికెట్ కావాలి. పిల్లలు పెద్దలు అందరూ చూడదగినదైతే యు సర్టిఫికెట్, పెద్దలకు మాత్రమే అయితే ఏ సర్టిఫికెట్. అబ్బాస్ గారు యు కోసం దరఖాస్తు పెట్టినారు. 1969 డిసెంబరు 30వ తేదీతో ఆయనకు ఉత్తరం వచ్చింది. ఇది అందరికీ తగిన చిత్రం కాదని, పెద్దలకు మాత్రమే చూపదగినదని అందులో సారాంశం.

ఏ సర్టిఫికెట్ వస్తే ఏమైంది, పెద్దవాళ్ళు చూస్తారు గదా అని మీరు అడగవచ్చు. ఇక్కడే కిటుకున్నది. పదహారు నిమిషాల చిత్రాన్ని ఎవరూ టిక్కెట్టు కొని విడిగా చూడరు. అసలు బొమ్మకు ముందు వేయవలసిందే. దానికి ఏ సర్టిఫికెట్ ఉంటే ఆ ఆటకు పిల్లలను రానివ్వకూడదు. కుటుంబమంతా వచ్చే ఆటను చిన్న చిత్రం కోసం ఏ హాలు యజమాని చెడగొట్టుకుంటాడు? కాబట్టి ఆ ఒక్క అక్షరంతో చిత్రం డబ్బాలో పడి ఉండవలసిందే. నిషేధించకుండానే నిషేధించినట్లు.

అబ్బాస్ గారు బోర్డుకు వివరంగా వ్రాసుకున్నారు. తిరిగి పరిశీలించిన కమిటీ కూడా అదే మాట చెప్పింది. పైకి, కేంద్ర ప్రభుత్వానికి అప్పీలు చేసినారు. 1970 జులై 3న జవాబు వచ్చింది. ఆ వీధి దృశ్యాన్ని కుదించి, కొన్ని ముక్కలు తీసివేస్తే యు ఇస్తామన్నారు. ఆ ముక్కల్లో ఒక ఆడమనిషి కిటికీ మూయడం ఉన్నది, రూపాయి నోటు చేయి మారడం ఉన్నది.

ఆలోచించండి. ఆ నోటును తీసివేస్తే మిగిలేదేమిటి? నోటు కనిపిస్తేనే గదా అది ఆకలి కథ అని తెలిసేది. నోటు లేకపోతే అది ఊరికే ఒక చెడ్డ వీధి, చెడ్డ ఆడవాళ్ళు. కారణాన్ని కత్తిరించి నేరాన్ని మాత్రం ఉంచితే ఆ సాక్ష్యం అబద్ధ సాక్ష్యమవుతుంది. కోర్టులో అయినా, ఖుదా దగ్గర అయినా, సగం దాచిన గవాహీకి విలువ ఏముంది? అబ్బాస్ గారు కత్తెరకు ఒప్పుకోలేదు. రాజ్యాంగం ఇచ్చిన వాక్ స్వాతంత్ర్యం పేరిట సరాసరి సుప్రీంకోర్టు మెట్లెక్కినారు.

సుప్రీంకోర్టులో

కేసు అయిదుగురు న్యాయమూర్తుల ముందుకు వచ్చింది. అధ్యక్షత వహించిన వారు ప్రధాన న్యాయమూర్తి మహమ్మద్ హిదాయతుల్లా సాహెబ్. మన దేశ ప్రధాన న్యాయమూర్తి పదవి పొందిన మొదటి ముస్లిం ఆయన. తర్వాతి కాలంలో ఉపరాష్ట్రపతిగా కూడా పనిచేసినారు.

విచారణ మొదలు కాకముందే ప్రభుత్వం తరఫు సొలిసిటర్ జనరల్ లేచి, ఏ కత్తెరా లేకుండానే యు సర్టిఫికెట్ ఇవ్వడానికి ప్రభుత్వం నిర్ణయించిందని తెలిపినారు. అంటే అడిగినది అడిగినట్లు చేతికి వచ్చింది. ఖర్చు మిగిలింది, పరువు దక్కింది. మనలో నూటికి తొంభై తొమ్మిది మందిమి అల్హమ్దులిల్లాహ్ అనుకొని ఇంటికి వచ్చేసేవాళ్ళం. అందులో తప్పు కూడా లేదు.

అబ్బాస్ గారు ఇంటికి పోలేదు. తన అర్జీని మార్చుకోవడానికి అనుమతి అడిగినారు. నా చిత్రం సంగతి తేలిపోయింది, కాని రేపు అప్పు తెచ్చి చిత్రం తీసే పేరులేని మనిషి గతి ఏమిటి? ఏది చూపవచ్చు, ఏది చూపకూడదు అని ముందుగా తెలియకపోతే వాడు పెట్టుబడి ఎట్లా పెడతాడు? ఇదీ ఆయన వాదన సారాంశం. ఆయన నాలుగు సంగతులు ముందుంచినారు. ముందస్తు సెన్సారు అసలు ఉండకూడదన్నది మొదటిది. ఉండక తప్పదంటే దానికి స్పష్టమైన సూత్రాలు ఉండాలన్నది రెండవది. నిర్ణయానికి గడువు ఉండాలన్నది మూడవది. అప్పీలు ప్రభుత్వానికే కాక కోర్టుకో, స్వతంత్రమైన ట్రిబ్యునల్‌కో పోవాలన్నది నాలుగవది. కోర్టు అనుమతించి విన్నది. అలీగఢ్‌లో చదివిన లా ఇన్నాళ్ళకు అక్కరకు వచ్చిందని నేను అన్నది ఇందుకే.

1970 సెప్టెంబరు 24న తీర్పు వచ్చింది. మొదటి సంగతిలో ఆయన ఓడిపోయినారు. పుస్తకం కంటె, ఉపన్యాసం కంటె సినిమా మనిషి మనసును బలంగా కదిలిస్తుంది, పిల్లల మీద మరీ ఎక్కువగా పనిచేస్తుంది, కనుక ముందుగా పరీక్షించడం రాజ్యాంగ విరుద్ధం కాదని కోర్టు చెప్పింది. ఒక ముస్లిం అర్జీదారు, ఒక ముస్లిం ప్రధాన న్యాయమూర్తి. అయినా తీర్పు చట్టాన్ని బట్టి వచ్చింది, పేర్లను బట్టి రాలేదు. ఆ రోజు ఇద్దరి గౌరవమూ నిలిచిందని నా ఉద్దేశం.

ఓడినదేమిటి, నిలిచినదేమిటి

అయితే ఆ తీర్పు సెన్సారు వారికి కళ్ళు మూసుకొని కత్తెర ఆడించమని అధికారమిచ్చిన తీర్పు కాదు. కళకు, అశ్లీలానికి తేడా చూడకుండా ఒకే గాటన కట్టడం సరికాదని, సంఘంలోని చెడును చూపించినంత మాత్రాన చిత్రం చెడ్డది కాదని, బీదరికాన్ని, పతనాన్ని చూపే హక్కు కళాకారునికి ఉన్నదని కోర్టు వివరంగా చెప్పింది. ఇకముందు సెన్సారు వారు ఏ దృష్టితో చూడాలో చెప్పే గీటురాయిగా అది నిలిచింది. ఆ తర్వాత సినిమాల మీద దేశంలో ఎన్ని వ్యాజ్యాలు వచ్చినా, న్యాయవాదులు అబ్బాస్ కేసు పేరెత్తకుండా వాదించరు. న్యాయశాస్త్రం చదివే పిల్లలకు అది ఈనాటికీ పాఠం.

గడువు, ట్రిబ్యునల్ విషయాలను ప్రభుత్వం కోర్టులోనే ఒప్పుకున్నది, చట్టం తెస్తామన్నది. 1981లో చట్టాన్ని సవరించి ఫిలిం సర్టిఫికేషన్ అప్పిలేట్ ట్రిబ్యునల్‌కు దారి వేసినారు. నిర్మాత గోడు వినడానికి బోర్డు పైన మరొక చోటు ఏర్పడింది. ఎందరో చిన్న నిర్మాతలు దాని తలుపు తట్టినారు. 2021లో ఆ ట్రిబ్యునల్‌ను రద్దు చేసినారు. ఇప్పుడు బోర్డు మాట నచ్చనివాడు హైకోర్టుకు పోవలసిందే. చేతిలో పైకం లేని నిర్మాతకు అది ఎంత దూరమో వేరే చెప్పనక్కరలేదు. ఒక తరం తెచ్చిపెట్టిన సౌకర్యాన్ని తరువాతి తరం కాపాడుకోకపోతే పోతుందని దీన్నిబట్టి తెలుస్తున్నది.

చదువు గురించి ఒక చిత్రం

అబ్బాస్ గారు కోపంతో తీసిన చిత్రం గురించి చెప్పినాను. ప్రేమతో తీసిన దాని గురించి కూడా చెప్పాలి. 1975లో ఆయన పాపా మియాఁ ఆఫ్ అలీగఢ్ అనే డాక్యుమెంటరీ తీసినారు. పాపా మియాఁ అంటే షేఖ్ అబ్దుల్లా సాహెబ్. ఆడపిల్లకు చదువేమిటని కౌము కస్సుమన్న రోజుల్లో, 1906లో, భార్య వహీద్ జహాఁ బేగంతో కలిసి అలీగఢ్‌లో ఆడపిల్లల బడి పెట్టిన మహానుభావుడు. ఆ బడే పెరిగి పెద్దదై ఉమెన్స్ కాలేజీ అయింది. ఈనాడు ఆడపిల్ల చేతిలో పలక చూసి ఎవరూ నోరెళ్ళబెట్టడం లేదంటే, వెనుక ఇట్లాంటివారి మొండితనం ఉన్నది. 1978లో ఆయన కవి ఇక్బాల్ మీద కూడా డాక్యుమెంటరీ తీసినారు. హాలీ సాహెబ్ మునిమనుమడు ఆ రుణం కెమెరాతో తీర్చుకున్నాడు.

అబ్బాస్ గారు మతాచారాల్లో పెద్దగా ఉన్నవారు కారు, వామపక్ష భావాలు కలవారు. ఆయన అభిప్రాయాలన్నీ మనం ఒప్పుకోవలసిన పని లేదు. కాని అనాథను తోసివేయవద్దు, కూలివాని కూలి ఎగ్గొట్టవద్దు, సాక్ష్యాన్ని దాచవద్దు అని మన దీన్ చెప్పిన మూడు సంగతుల్లో ఆయన ఎక్కడ నిలబడినారో ఆయన చిత్రాలు చూస్తే తెలుస్తుంది.

1987 జూన్ 1న ఆయన బొంబాయిలో కన్నుమూసినారు. భార్య ముజ్తబాయీ ఖాతూన్ 1958లోనే పోయినారు. చివరి దినాల దాకా కలం ఆగలేదు, చిత్రం ఆగలేదు. ఆయన ఆఖరి చిత్రం ఏక్ ఆద్మీ ఆయన పోయిన తర్వాత బయటికి వచ్చింది.

మన ఉదయగిరి, మన ఆత్మకూరు

ఇదంతా బొంబాయి, ఢిల్లీ సంగతి, మనకేమిటి అని ఎవరైనా అనవచ్చు. కొంచెం కొండవైపు చూడండి. ఉదయగిరి దుర్గాన్ని 1514లో శ్రీకృష్ణదేవరాయలు గజపతుల నుండి జయించినట్లు పిల్లలు పరీక్షలో వ్రాస్తారు. ఆ కొండ మీదికి రాళ్ళు మోసినవారి పేరు ఒక్కటైనా ఎవరికైనా తెలుసా? మన ఉదయగిరి కొయ్య చెంచాలు, గరిటెలు దేశమంతా తిరుగుతున్నవి, వాటికి భౌగోళిక గుర్తింపు కూడా వచ్చింది. ఆ చెంచాతో వడ్డించుకునే దొరబాబుకు, దానిని చెక్కి చెక్కి కాయలు కాచిన చేతులు తెలుసా? పెన్న మీద సోమశిల ఆనకట్ట ఉన్నది. మట్టి మోసినవారు, నీళ్ళకు ఊళ్ళు వదిలినవారు ఎందరో. మన మెట్ట జనం వానలు లేని యేడు పిల్లాపాపలతో చెన్నైకి, బెంగుళూరికి మేడలు కట్టడానికి పోతారు. అబ్బాస్ గారు తన నాలుగు నగరాల్లో చూపిన కూలీలు ఎవరో కాదు, మనవాళ్ళే. వారు ఎక్కిన బస్సు ఉదయగిరి బస్టాండులోనే బయలుదేరి ఉండవచ్చు.

ఆయన కాలంలో చిత్రం తీయాలంటే ఫిలిం కొనాలి, కెమెరా అద్దెకు తేవాలి, ల్యాబులో కడిగించాలి. పదహారు నిమిషాలకు ఎన్నో కథలు అమ్ముకోవాలి. ఇప్పుడు ప్రతి ఇంట్లో సెల్‌ఫోను ఉన్నది, దానిలో కెమెరా ఉన్నది. మన పిల్లోళ్ళు దానితో ఏం తీస్తున్నారో మీకు తెలుసు, నాకు తెలుసు. వాళ్ళను తిట్టి లాభం లేదు, పని చెప్పాలి.

కాబట్టి మన సంఘం వారికి ఒక విన్నపం. ప్రతి యేడు స్కాలర్‌షిప్పులు ఇస్తున్నాము, సన్మానాలు చేస్తున్నాము, ఫోటోలు దిగుతున్నాము. సంతోషమే. ఈ యేడు నుండి పై తరగతుల పిల్లలకు ఇంకొక పని కూడా అప్పగిద్దాం. చెంచాలు చెక్కే పెద్దమనిషి దగ్గర, బీడీలు చుట్టే అమ్మ దగ్గర, ఆనకట్ట పనికి పోయివచ్చిన తాత దగ్గర కూర్చొని, వారి అనుమతితో, వారు ఎట్లా బ్రతికినారో వారి నోటనే చెప్పించి తీయాలి. అందులో మూడు నియమాలు ఉండాలి. లేనిది కలపకూడదు. ఉన్నది దాచకూడదు. వారి మానం మర్యాదలకు భంగం రాకూడదు. అట్లాంటివి పది తయారైతే, వార్షికోత్సవం నాడు ఉపన్యాసాలు కొంచెం తగ్గించి అందరమూ కూర్చొని చూద్దాం. ఆడపిల్లలను కూడా ఈ పనిలో తప్పక చేర్చాలి. పాపా మియాఁ గారి కథ చెప్పి వారిని పక్కన కూర్చోబెడితే అది న్యాయం కాదు.

పేరు కోసం, డబ్బు కోసం కాక, తనకు దక్కిన దానితో ఆగిపోకుండా తరువాత వచ్చే వారి కోసం కూడా అడిగే గుణం మన పిల్లలకు అబ్బాలని, మర్హూం అబ్బాస్ సాహెబ్ కష్టాన్ని అల్లాహ్ తఆలా స్వీకరించాలని, మన రెండు తాలూకాల కూలిజనం ఇండ్లలో చదువు వెలుగు నిండాలని దుఆ చేస్తూ, ఇంతటితో సెలవు తీసుకుంటున్నాను. ఆమీన్.